అడవి బొమ్మకు కూర్పరే పెద్దదిక్కు

హబ్సిగూడ: సినిమా మొదట్లో తెర మీద ‘కూర్పు’ అని ఒక పేరు పడుతుంది. చాలామంది పట్టించుకోరు. హబ్సిగూడ పక్కనే, తార్నాకలోని ఇఫ్లూ ఆవరణలో పాఠాల చిత్రాలు తయారుచేసే కేంద్రం ఉంది. 1984లో యూజీసీ దూరదర్శన్‌లో ప్రారంభించిన పాఠాలకు ఇలాంటి కేంద్రాలే చిత్రాలు అందించాయి. పాఠమైనా, పులి అయినా బొమ్మకు మాట అతికేది కూర్పరే.

అడవి చిత్రాల్లో ఈ పని మరీ కష్టం. 2023లో ఆస్కార్ గెలిచిన ‘ది ఎలిఫెంట్ విస్పరర్స్’నే చూడండి. తమిళనాడు ముదుమలైలో తల్లిలేని ఏనుగు పిల్లలను సాకిన బొమ్మన్, బెల్లి దంపతుల కథ అది. తీసింది సుమారు 450 గంటలు, మిగిల్చింది 40 నిమిషాలు. రోజుకు 9 గంటలు కూర్చున్నా, అంతా ఒక్కసారి చూడడానికే 50 రోజులు పడుతుంది.

జంతువును దూరం నుంచి తీస్తారు గనుక అడుగుల చప్పుడు తరచూ తర్వాతే చేరుస్తారు. వేర్వేరు రోజుల బొమ్మలు కలిపి, జరగని వేటను జరిగినట్టూ చూపవచ్చు. నిజాయితీకి పరీక్ష ఇక్కడే. 1958లో వచ్చిన డిస్నీ చిత్రం ‘వైట్ వైల్డర్‌నెస్’లో లెమ్మింగ్ అనే ఎలుకజాతి జీవులు తమంతట తామే నీళ్లలో దూకి చచ్చినట్టు చూపారు. వాటిని మనుషులే తోశారని తర్వాత బయటపడింది. ఆ అబద్ధాన్ని నమ్మేవారు నేటికీ ఉన్నారు.

డిగ్రీ చదివినవారికి పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఎడిటింగ్ నేర్పుతారు. మేక బెదిరితే చెవులు ఎలా నిక్కుతాయో చిన్ననాటి నుంచి చూసిన పల్లె పిల్లలకు, బొమ్మలో ఏది అబద్ధమో ఇట్టే తెలిసిపోతుంది. మిషను పని నేర్చుకుంటే వస్తుంది.