పాత కంప్యూటర్ గేమ్‌లు: పోగుచేసిన ఆటలను మళ్లీ ఆడుకునేలా 'లాంచర్' ఎలా అమరుస్తుంది?

అటక మీది పెట్టెను దులుపుతున్నప్పుడు పాతికేళ్ల నాటి సీడీ ఒకటి బయటపడుతుంది. దానిపై స్కెచ్ పెన్నుతో రాసిన 'గేమ్స్' అన్న ఒక్క మాట తప్ప మరే వివరమూ ఉండదు. కంప్యూటర్‌లో తెరిచి చూస్తే నలభై, యాభై ఫోల్డర్లు కనిపిస్తాయి. ఏ పేరూ ఎనిమిది అక్షరాలకు మించదు. ఏ ఫోల్డర్‌లో ఏ ఆట ఉన్నదో ఊహించుకోవలసిందే. ధైర్యం చేసి ఒకదానిపై నొక్కితే, ఈ ప్రోగ్రామ్ ఈ కంప్యూటర్‌లో నడవదన్న సందేశం ఎదురవుతుంది.

1990లలో కంప్యూటర్ శిక్షణ కేంద్రాలలోనూ, ఆ తరువాత ఇంటర్నెట్ కేఫ్‌లలోనూ 'డేంజరస్ డేవ్', 'ప్రిన్స్ ఆఫ్ పర్షియా', 'రోడ్ రాష్' వంటి ఆటలతో కాలం గడిపిన తరానికి ఈ అనుభవం కొత్తది కాదు. ఆట ఫైళ్లు చేతిలోనే ఉంటాయి. కానీ ఆట ఉండదు.

ఈ చిక్కును తీర్చేందుకు పాత ఆటల సేకర్తలు వాడే సాధనమే 'లాంచర్'. చూడడానికి అది బొమ్మలతో నిండిన జాబితా మాత్రమే. అయితే ఆ జాబితా వెనుక ఒక గ్రంథాలయ సూచికకు ఉండే క్రమశిక్షణ ఉన్నది.

పాత ఆటలు కొత్త యంత్రాలలో ఎందుకు నడవవు?

ఐబీఎం సంస్థ 1981లో విడుదల చేసిన పర్సనల్ కంప్యూటర్, దానితో పాటు వచ్చిన డాస్ వ్యవస్థ సుమారు పదిహేనేళ్ల పాటు కంప్యూటర్ గేమ్‌లకు ఆధారంగా నిలిచాయి. డాస్‌లో ఫైలు పేరుకు ఎనిమిది అక్షరాలు, దాని రకాన్ని తెలిపే మరో మూడు అక్షరాలు మాత్రమే అనుమతించేవారు. అందుకే ఆ కాలపు ఫోల్డర్ల పేర్లు అంత పొట్టిగా, అర్థం కాని రీతిలో ఉంటాయి.

అసలు ఆటంకం మరొకటి. డాస్ కాలపు ఆటలలో చాలావరకు 16 బిట్ ప్రోగ్రామ్‌లు. 64 బిట్ విండోస్ వాటిని నేరుగా నడపదు. 2021లో వచ్చిన విండోస్ 11 కేవలం 64 బిట్ రూపంలోనే లభిస్తున్నది. ఆ విధంగా పాత ద్వారం పూర్తిగా మూసుకుపోయింది.

వేగం మరో సమస్య. తొలితరం ఆటలు కొన్ని గడియారంతో సంబంధం లేకుండా, ప్రాసెసర్ ఎంత వేగంగా పనిచేయగలిగితే అంత వేగంగా పరుగెత్తేలా రాసినవి. ఆ రోజుల్లో వేగవంతమైన కంప్యూటర్లు వచ్చినప్పుడు ఇవి ఆడలేనంత త్వరగా కదిలేవి. 1980లు, 1990ల నాటి అనేక కంప్యూటర్ల ముందుభాగంలో 'టర్బో' అనే మీట ఉండేది. పేరుకు భిన్నంగా, పాత ప్రోగ్రామ్‌ల కోసం యంత్రాన్ని నెమ్మదింపజేయడం దాని ముఖ్యమైన ఉపయోగాలలో ఒకటి.

విండోస్ కాలపు ఆటల కష్టాలు వేరు. నకళ్లను అడ్డుకునేందుకు 2000 ప్రాంతంలో అనేక సీడీలలో 'సేఫ్‌డిస్క్' అనే రక్షణను చేర్చారు. 2015లో వచ్చిన విండోస్ 10 నుంచి ఆ రక్షణకు మద్దతు లేకుండాపోయింది. ఫలితంగా డబ్బు చెల్లించి కొన్న అసలు సీడీ కూడా కొత్త యంత్రంలో పనిచేయని పరిస్థితి ఏర్పడింది.

పాత యంత్రాన్ని అనుకరించే ప్రోగ్రామ్‌లు

ఈ సమస్యకు మొదటి సమాధానం ఎమ్యులేటర్. కొత్త కంప్యూటర్ లోపల పాత కంప్యూటర్ ఒకటి ఉన్నట్లు భ్రమింపజేసే ప్రోగ్రామ్ ఇది. 2002లో తొలిసారి విడుదలైన 'డాస్‌బాక్స్' వీటిలో ప్రసిద్ధమైనది. ప్రాసెసర్, తెర, 1989లో వచ్చిన సౌండ్ బ్లాస్టర్ వంటి సౌండ్ కార్డులు, అన్నిటినీ అది సాఫ్ట్‌వేర్‌లోనే సృష్టిస్తుంది. ప్రాసెసర్ వేగాన్ని కూడా పెంచుకోవచ్చు, తగ్గించుకోవచ్చు.

2001లో మొదలైన 'స్కమ్‌వీఎం' దారి వేరు. అది యంత్రాన్ని అనుకరించదు. కథాప్రధానమైన సాహస క్రీడలను నడిపించిన అసలు ప్రోగ్రామ్ స్థానంలో తానే నిలిచి, ఆటలోని బొమ్మలను, సంభాషణలను, సంగీతాన్ని మాత్రం పాత ఫైళ్ల నుంచి తీసుకుంటుంది.

అయితే ఎమ్యులేటర్‌తో పని పూర్తి కాదు. ప్రతి ఆటకూ వేగం ఒకటి, శబ్దానికి సంబంధించిన అమరిక మరొకటి, మొదట తెరవవలసిన ఫైలు ఇంకొకటి. ఐదు ఆటలకైతే ఇవన్నీ గుర్తుంటాయి. ఐదు వందల ఆటలకు గుర్తుండవు.

లాంచర్ చేసే పని ఏమిటి?

సరిగ్గా ఇక్కడే లాంచర్ అవసరం వస్తుంది. లాంచర్ స్వయంగా ఏ ఆటనూ నడపదు. ఏ ఆటను, ఏ ఎమ్యులేటర్‌తో, ఏ అమరికలతో, ఏ ఫైలు నుంచి ప్రారంభించాలో గుర్తుంచుకుంటుంది. ఆ సమాచారానికి ఆట పేరు, విడుదలైన సంవత్సరం, రూపకర్తలు, అట్టపెట్టె బొమ్మ, చిన్న పరిచయం జోడిస్తుంది. ఒక్కసారి నొక్కగానే ఇవన్నీ వరుసగా అమలై ఆట మొదలవుతుంది.

విండోస్‌పై పనిచేసే 'లాంచ్‌బాక్స్' 2013లో డాస్‌బాక్స్‌కు సహాయకారిగానే మొదలైంది. తరువాతి కాలంలో ఇతర ఎమ్యులేటర్లకూ విస్తరించింది. దాని ప్రాథమిక రూపం ఉచితం, అదనపు సదుపాయాలకు రుసుము ఉంటుంది. 'ప్లేనైట్' పూర్తిగా ఉచితమైన, ఓపెన్ సోర్స్ లాంచర్. స్టీమ్, జీఓజీ వంటి దుకాణాలలో కొన్న కొత్త ఆటలనూ, ఎమ్యులేటర్‌తో ఆడే పాత ఆటలనూ అది ఒకే జాబితాలో చూపుతుంది. స్కమ్‌వీఎంలోనే ఒక చిన్న లాంచర్ ఉంటుంది. అది ఫోల్డర్లను గాలించి, ఫైళ్ల వేలిముద్రల వంటి గణిత సంకేతాల ఆధారంగా ఏ ఆటకు చెందిన ఏ ప్రతి దొరికిందో గుర్తిస్తుంది.

సేకరణను అమర్చే క్రమం

మొదటి నియమం, అసలు ప్రతిని ముట్టుకోకపోవడం. ఫ్లాపీలపై ఉండే అయస్కాంత పూత, ఇంట్లో రాసుకున్న సీడీలలోని రంగు పొర కాలక్రమంలో దెబ్బతింటాయి. కాబట్టి ముందుగా డిస్కు మొత్తాన్ని ఒక ఇమేజ్ ఫైలుగా కాపీ చేసుకోవాలి. ఇక్కడ ఒక జాగ్రత్త అవసరం. 1990ల నాటి అనేక గేమ్ సీడీలలో సంగీతం మామూలు పాటల సీడీలలో వలె ఆడియో ట్రాక్‌ల రూపంలో ఉండేది. ఐఎస్‌వో రూపంలో కాపీ చేస్తే ఆ ట్రాక్‌లు రావు. ఆట నడుస్తుంది కానీ మూగగా నడుస్తుంది. అటువంటి సీడీలకు ఆడియో ట్రాక్‌లను కూడా భద్రపరిచే బిన్, క్యూ జంట రూపం అనువైనది.

రెండవది, ఒక్కో ఆటకు ఒక్కో ఫోల్డర్. డాస్ ఆటల ఫోల్డర్ పేర్లను పొట్టి ఆంగ్ల అక్షరాలలోనే ఉంచడం మేలు. తెలుగులో రాసుకోదలచిన వివరాలను లాంచర్‌లోని వ్యాఖ్యల గడిలో రాసుకోవచ్చు. నేటి లాంచర్లు యూనికోడ్ అక్షరాలను చూపగలవు. అసలు డాస్‌కు ఆ సామర్థ్యం లేదు.

మూడవది, లాంచర్‌లోకి ఆటలను చేర్చుకోవడం. ఒకే ఫోల్డర్‌లో ఆటను స్థాపించే ఫైలు, శబ్దాన్ని అమర్చే ఫైలు, ఆటను ప్రారంభించే ఫైలు వేర్వేరుగా ఉంటాయి. వీటిలో అసలైనదానిని లాంచర్‌కు చూపించాలి. శబ్దాన్ని అమర్చే ఫైలును కూడా అదనపు మీటగా చేర్చుకుంటే తరువాత వెతుకులాట తప్పుతుంది.

నాల్గవది, వివరాలను సరిచూడడం. లాంచర్లు పేరును బట్టి ఇంటర్నెట్ నుంచి సమాచారం తెచ్చుకుంటాయి. ఒకే పేరుతో రెండు ఆటలు ఉంటే పొరపాటు పడతాయి. 'ప్రిన్స్ ఆఫ్ పర్షియా' తొలుత 1989లో ఆపిల్ 2 కంప్యూటర్‌కు, 1990లో డాస్‌కు వచ్చింది. అచ్చంగా అదే పేరుతో 2008లో మరో ఆట విడుదలైంది. 'డూమ్' విషయంలోనూ 1993 నాటి ఆట ఒకటి, 2016 నాటి ఆట మరొకటి. సంవత్సరం సరిచూసుకోకపోతే పాత ఆటకు కొత్త ఆట అట్టబొమ్మ అంటుకుంటుంది.

ఐదవది, ఆటతో పాటు వచ్చిన కాగితాలు. వీటిని చాలామంది పారవేస్తారు. కానీ డాస్ 'ప్రిన్స్ ఆఫ్ పర్షియా'లో మొదటి అంచె దాటగానే అక్షరాలు రాసిన పానీయాల గది వస్తుంది. ఏది తాగాలో ఆటతో ఇచ్చిన పుస్తకం చూస్తేనే తెలుస్తుంది. 1990 నాటి 'ది సీక్రెట్ ఆఫ్ మంకీ ఐలండ్' ఆటలో అట్టతో చేసిన చక్రాన్ని తిప్పి సమాధానం చెప్పవలసి వచ్చేది. నకళ్లను ఆపడానికి అప్పట్లో అనుసరించిన పద్ధతులివి. ఆ పుటలను స్కాన్ చేసి లాంచర్‌లో ఆటకు జతచేయకపోతే, ఆట ప్రారంభమైనా ముందుకు సాగకపోవచ్చు.

చివరిది, మరో చోట మరో ప్రతి. డాస్ ఆటలు సాధారణంగా ఆటగాడు ఎంతవరకు వచ్చాడన్న వివరాన్ని తమ ఫోల్డర్‌లోనే భద్రపరుస్తాయి. కాబట్టి ఆట ఫోల్డర్లు, డిస్కు ఇమేజ్‌లు, లాంచర్ సమాచారం, మూడింటినీ కలిపి మరో హార్డ్ డిస్కులోకి కాపీ చేయాలి. లాంచర్ కూడా ఒక ప్రోగ్రామే కనుక అది కూడా ఏదో ఒకనాడు ఆగిపోవచ్చు. లాంచ్‌బాక్స్ తన సమాచారాన్ని ఎక్స్‌ఎంఎల్ రూపంలో, అంటే ఏ సాధారణ ఎడిటర్‌తోనైనా తెరిచి చదువుకోగల అక్షరాలలో దాస్తుంది. లాంచర్‌ను ఎంచుకునేటప్పుడు అందచందాల కన్నా ఈ గుణం ముఖ్యం.

చట్టం ఏమి చెబుతున్నది?

లాంచర్ వాడడంలో చట్టపరమైన ఇబ్బంది లేదు. ప్రశ్న ఆట ప్రతి గురించి. భారతదేశంలో 1957 నాటి కాపీరైట్ చట్టం కంప్యూటర్ ప్రోగ్రామ్‌లను సాహిత్య రచనలతో సమానంగా చూస్తుంది. ఇటువంటి రచనలకు రచయిత మరణానంతరం కూడా 60 ఏళ్ల వరకు రక్షణ ఉంటుంది. ఒక ఆట అంగళ్లలో దొరకనంత మాత్రాన, దానిని తయారుచేసిన సంస్థ మూతపడినంత మాత్రాన హక్కులు తొలగిపోవు. ఇంటర్నెట్‌లో తరచుగా వినిపించే 'అబాండన్‌వేర్' అనే మాటకు చట్టంలో స్థానం లేదు.

అదే చట్టంలోని 52వ సెక్షన్, ప్రోగ్రామ్ ప్రతిని న్యాయసమ్మతంగా కలిగి ఉన్నవారు అది పోకుండా, పాడైపోకుండా కాపాడుకునేందుకు బ్యాకప్ ప్రతి చేసుకోవడాన్ని అనుమతిస్తుంది. అంటే సొంత సీడీని భద్రపరచుకోవడం వేరు, ఇతరుల ప్రతిని దింపుకోవడం వేరు. 'గేమ్స్' అని మాత్రమే రాసి ఉన్న అటక మీది సీడీలో అనుమతి లేని నకళ్లు ఉంటే వాటికి ఈ రక్షణ వర్తించదు.

న్యాయమైన మార్గాలు లేకపోలేదు. పోలండ్‌కు చెందిన సీడీ ప్రాజెక్ట్ 2008లో ప్రారంభించిన జీఓజీ అనే ఆన్‌లైన్ దుకాణం పాత ఆటలను హక్కుదారుల అనుమతితో, కొత్త విండోస్‌లో నడిచేలా అమ్ముతున్నది. వాటిలోని డాస్ ఆటలలో అనేకం డాస్‌బాక్స్‌తో కలిపే వస్తాయి. 'డూమ్' తొలి భాగం వంటివి షేర్‌వేర్‌గా, అంటే ఉచితంగా పంచుకోవచ్చునన్న అనుమతితోనే విడుదలయ్యాయి.

ఈ శ్రమ ఎందుకు?

అమెరికాలోని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్, సాఫ్ట్‌వేర్ ప్రిజర్వేషన్ నెట్‌వర్క్ కలిసి 2023లో ఒక అధ్యయనాన్ని వెలువరించాయి. 2010కి ముందు అమెరికాలో విడుదలైన ఆటలలో 87 శాతం నేడు అంగళ్లలో లభించడం లేదని అది తేల్చింది. గ్రంథాలయాలు ఇటువంటి ఆటలను పరిశోధకులకు దూరం నుంచి అందించేందుకు అనుమతి కోరగా, 2024 అక్టోబరులో అమెరికా కాపీరైట్ కార్యాలయం నిరాకరించింది. ఆ స్థితిలో అనేక ఆటల ఉనికి సేకర్తల అల్మారాలపై ఆధారపడి ఉన్నది.

'ప్రిన్స్ ఆఫ్ పర్షియా' చరిత్రే ఇందుకు ఉదాహరణ. దాని రూపకర్త జోర్డాన్ మెక్నర్ తొలి ఆట మూల ప్రోగ్రామ్‌ను రాసుకున్న ఫ్లాపీలు ఎక్కడో తప్పిపోయాయని చాలాకాలం భావించారు. 2012లో ఆయన తండ్రి ఇల్లు సర్దుతుండగా అవి ఒక పెట్టెలో దొరికాయి. ఆ ఆటకు సంగీతం సమకూర్చినది కూడా ఆయన తండ్రి ఫ్రాన్సిస్ మెక్నరే. పాత డిస్కులను చదవగల నిపుణులు పూనుకుని ఆ ప్రోగ్రామ్‌ను వెలికితీశారు. తరువాత మెక్నర్ దానిని అందరికీ అందుబాటులో ఉంచారు.

రెండు దశాబ్దాలకు పైగా అల్మారాలో పడి ఉన్న ఫ్లాపీలు చదవడానికి పనికిరావడం అదృష్టం. అన్ని పెట్టెలకూ ఆ అదృష్టం పట్టదు. పట్టినా, లోపల ఉన్నది ఏమిటో, దానిని ఎలా నడపాలో చెప్పగలవారు ఆనాటికి మిగిలి ఉండకపోవచ్చు. ఆట పేరు, సంవత్సరం, ప్రారంభించే పద్ధతి, అది ఎక్కడ నుంచి వచ్చిందన్న వివరం, ఈ నాలుగూ పక్కన రాసిపెట్టి ఉన్న రోజున ఆ ఫైళ్లు తరువాతి తరం చేతికి ఆటగానే అందుతాయి.