చెరకుసీమను ప్రశ్నించు తీరు

మంజీరానదికి అడ్డుకట్ట వేయుటకు 1923లో ఆరంభమైన పని 1931 నాటికి పూర్తియై నిజాంసాగర మేర్పడెను. ఇంజనీరు నవాబు అలీ నవాజ్ జంగు చేతిమీదుగా రూపొందిన యా జలాశయము 2,75,000 ఎకరములను తడుపునని నాడు లెక్కవేసిరి. నీటి వెంట చెరకును, చెరకు వెంట 1937లో నిజాం షుగర్ ఫ్యాక్టరీయు బోధనునకు రాగా, శక్కర్‌నగర్ అను పేర నొక క్రొత్త బస్తీయే వెలసెను. ఇంతవరకు చరిత్ర, ఇందు వివాదము లేదు. ఈ కాలువయు ఈ ఫ్యాక్టరీయు ఇక్కడి జనుల బ్రదుకును ఏమి మార్చినవని యడిగినంతనే వివాదము పుట్టును. బోధను బస్టాండు దగ్గరి చాయహోటలులో ఈ ప్రశ్న వేసిచూడుడు: దరిద్రము వదలెనని యొకరును, లాభమంతయు పైనుండి వచ్చినవారే తినిరని యొకరును, ఆ రోజులే వేరని ఫ్యాక్టరీలో పనిచేసిన వృద్ధు డొకరును చెప్పగలరు. ముగ్గురును తాము కంటితో చూచినదే చెప్పుదురు. ముగ్గురి మాటలును ఒకదానితో నొకటి పొసగవు. సామాజికశాస్త్ర పరిశోధనాపద్ధతులని పెద్దపేరు పెట్టి విశ్వవిద్యాలయములలో బోధించు విద్యకు పుట్టినిల్లు ఇట్టి చోటనే కలదు.

రసాయనశాస్త్రజ్ఞుడు ఒకే ద్రవమును రెండు గాజుపాత్రలలో పోసి, ఒకదానిలో మాత్రమే ఉప్పు వేసి, భేదమును చూడగలడు. సమాజమును పరిశోధించువానికి ఆ సౌకర్యము లేదు. ఉన్నది ఒక్కటే బోధను. ఫ్యాక్టరీ రాని బోధనును చూచినవా డెవడును లేడు. కనుక అతడు దానికి సాటివచ్చు మరొకదానిని వెదకికొనవలెను, ఆ వెదకులాటలోనే అతని పాండిత్యమంతయు బయటపడును. ఆర్మూరుతో పోల్చుదమా? అక్కడి నేల వేరు, పసుపు వేరు, బావుల సేద్యపు సంప్రదాయము వేరు. భేదములన్నియు ఫ్యాక్టరీ ఖాతాలో వ్రాయుట అన్యాయము. 1931నాటి బోధనును 1951నాటి బోధనుతో పోల్చుదమా? నడుమ ప్రపంచయుద్ధము జరిగెను, 1948లో పోలీసుచర్య జరిగెను, 1949లో జాగీర్లు రద్దయ్యెను, 1950లో కౌలుదారుల చట్టము వచ్చెను. వీనిలో దేనివలన ఏమి మారెనో విడదీయుట మానవమాత్రునకు సాధ్యమా? ఇక మిగిలినది కాలువ మొదటి ఊరిని చివరి ఊరితో పోల్చుట. నేల యొకటే, పాలన యొకటే, నీరు మాత్రమే భేదము గనుక నా దృష్టిలో ఇదియే మేలైన మార్గము. అయినను చిక్కు లేకపోలేదు: చివరి ఆయకట్టువాడు నీరందక చెరకు నరకుటకు మొదటి ఊరికి కూలిపోయినచో, రెండూళ్ల కథలును పెనవేసికొనిపోయినవి.

అన్నిటికంటె పెద్దచిక్కు క్యాంపులది. నిజాంసాగరము నీరు వచ్చిన పిమ్మట కృష్ణా, గుంటూరు, గోదావరి ప్రాంతములనుండి రైతులు వచ్చి, భూములు కొని, వర్ని, రుద్రూరు, కోటగిరి పరిసరముల నివాసము లేర్పరచుకొనగా, వానికి క్యాంపులన్న పేరు నిలిచిపోయెను. క్యాంపువారి పంట మెండుగా నుండెననియు, వారి చేతిలో ఏదో వాసి యున్నదనియు చెప్పుమాట నేటికిని వినవచ్చును. ఈ మాటను నమ్మి వ్రాసిన పరిశోధకుడు మోసపోయినట్లే. కన్నయూరిలోని భూమిని అమ్ముకొని, కుటుంబమును వెంటబెట్టుకొని, భాష తప్ప తక్కినదేదియు తెలియని దేశమునకు తరలివచ్చువాడు తన యూరివారిలోనే సగటుమనిషి కాడు. అతనికి సాహసము గలదు, చేత కొంత సొమ్ము గలదు, డెల్టాకాలువల క్రింద నేర్చిన వరిసేద్యము గలదు. వచ్చినవారిని మాత్రమే చూచి, రానివారిని విడిచి, ఒక కులమునకో ఒక ప్రాంతమునకో సహజప్రతిభను అంటగట్టుట గణితదోషము. దాని కారణముగా పుట్టిన రాజకీయవిద్వేషములను తలచినచో అది గణితదోషముతోనే ఆగలేదని తెలియును.

మన చెరకుసీమకు అచ్చముగా జోడువంటి ప్రదేశము మైసూరు రాజ్యమునందలి మండ్య. అక్కడను 1930 ప్రాంతముననే కావేరి కాలువ వచ్చెను, చక్కెర ఫ్యాక్టరీయు వచ్చెను. వియన్నాలో పుట్టి ఇంగ్లండునకు శరణార్థిగా చేరి, అర్థశాస్త్రమును మానవశాస్త్రమును కలిపి చదివిన స్కార్లెట్ ఎప్‌స్టీన్ అను విదుషి 1954లో అచ్చటికి వచ్చి, వంగల, దలెన అను రెండు గ్రామములను ఎన్నుకొనెను. వంగలకు కాలువనీరు పారెను; దలెన నేల కాలువకంటె ఎత్తుగా నుండుటచే మెట్టగానే మిగిలెను. నీరు వచ్చినయూరు ఎక్కువగా మారియుండునని ఎవరైనను ఊహింతురు. ఆమె కనుగొన్నది దీనికి విరుద్ధము. వంగలవారు ధనవంతులైరి, కాని వారి ధనము పాతసేద్యపు త్రోవలోనే పారెను. పొలములు పెరిగెను, రైతులకును వంశపారంపర్యముగా వారిని ఆశ్రయించి పనిచేయు దళితులకును నడుమ నుండిన పాతబంధము సడలక నిలిచెను. దలెనవారు నీరు లేకపోవుటచేతనే ఊరు వెడలి, ఫ్యాక్టరీలో నౌకరీలు సంపాదించి, వ్యాపారములు పెట్టి, ఇతర గ్రామములలో మాగాణి కొని బ్రదికిరి. ఆ క్రమమున వారి యూరిలోని పాతబంధములు తెగెను. 1962లో ఈ పరిశోధన గ్రంథముగా వెలువడెను. 1970లో ఆమె మరల ఆ యూళ్లకే పోయి, తాను చెప్పినది ఎంతవరకు నిలిచినదో పరిశీలించి 1973లో మరియొక గ్రంథము వ్రాసెను. ఈ రెండవప్రయాణమునకే నే నెక్కువ విలువ నిత్తును. పరిశోధకులలో చాలమంది తమ సిద్ధాంతము అచ్చయిన పిమ్మట ఆ యూరి పొలిమేర త్రొక్కరు. వర్ని కాలువగట్టుననున్న యొక యూరికిని, దాని యెత్తున మెట్టగా మిగిలిన యొక యూరికిని ఇట్టి జంటచరిత్ర వ్రాయదగియున్నది.

జంటలను వెదకు శ్రమ లేకుండ తామే జంటలను సృష్టించువారు ఇటీవల బయలుదేరిరి. కార్తీక్ మురళీధరన్, వెంకటేశ్ సుందరరామన్ అను అర్థశాస్త్రజ్ఞులు 2008 నుండి ఉమ్మడి ఆంధ్రప్రదేశములోని 180 గ్రామములలో, మొదట ఊళ్లకును, పిదప ఆ యూళ్లలో దరఖాస్తు పెట్టినవారికిని లాటరీ తీసి, గెలిచిన పిల్లలను ప్రైవేటుబడులకు పంపిరి. నాలుగేండ్ల పిమ్మట పరీక్షింపగా, తెలుగులోను లెక్కలలోను గెలిచినవారికి ఓడినవారికి భేదమే కనబడలేదు. హిందీలో మాత్రము గెలిచినవారు మెరుగు. లాటరీ యన్నది కులము నెరుగదు, తండ్రి ఆదాయము నెరుగదు. దాని గొప్పతనమంతయు అందే యున్నది. అయితే కాలువను లాటరీ తీసి త్రవ్వలేము గదా!

పోల్చుట ఒక యెత్తు, అడుగుట మరియొక యెత్తు. నిజామాబాదు గల్లీలలో మధ్యాహ్నవేళ నడిచినచో, గడపలలో స్త్రీలు చాట ఒడిలో పెట్టుకొని, తునికాకు కత్తిరించి, తంబాకు పోసి, బీడీలు చుట్టుచు కనబడుదురు. సర్వేకు వచ్చిన యువకుడు ఇంటి పెద్దను 'మీ ఇంట్ల ఎవరెవరు పనిచేస్తరు?' అని అడుగును. 'నేను, నా కొడుకు' అని జవాబు. 'మీ భార్య?' 'ఇంట్లనే ఉంటది.' కాగితముపై ఆమె గృహిణి యయ్యెను. ఆమె చేతిలోని బీడీ ఆ సమయమున సగము చుట్టియున్నది. ఇందులో అబద్ధ మాడినవారు లేరు. 'పని' యన్న మాటకు గడప దాటి పోవుటయే అర్థమని ఇరువురును తలంచిరి. అదే యువకుడు ఆమెనే కూర్చుండబెట్టి, నిన్న తెల్లవారినది మొదలు రాత్రి పండుకొనువరకు ఏమేమి చేసితివని గంటగంటకు అడిగినచో మరియొక బ్రదుకు బయటికి వచ్చును. ఇక బీడీకార్మికులకు ప్రభుత్వము పింఛను ఇచ్చుట మొదలుపెట్టిన పిమ్మట ఆ ప్రశ్నకే మరియొక రుచి వచ్చినది: ఇంతకుముందు మరుగునపడిన పని యిప్పుడు తడుముకొనకుండ నోటికి వచ్చును, కొన్నిచోట్ల చేయని పనియు రావచ్చును. ప్రశ్నాపత్రములోని వాక్యము ఒక్కటియే. దాని వెనుక నెవరున్నారని జనులు తలంతురో దానినిబట్టి జవాబు మారును.

దీనికి 2014 ఆగస్టు 19వ తేదీకంటె పెద్ద నిదర్శనము దొరకదు. ఆనాడు తెలంగాణమంతట నొక్కరోజున సమగ్ర కుటుంబసర్వే జరిపిరి. ప్రభుత్వమునుండి వచ్చు లబ్ధులన్నియు దీనిమీదనే ఆధారపడునన్న భావము జనులలో పాకెను. ముంబై, భివండీలనుండి బస్సులు క్రిక్కిరిసి వచ్చెను; ఆ యొక్కనాటికి ఊళ్లు నిండి, మరునాటికి మరల ఖాళీ యయ్యెను. తక్కెడలో వేసినంతనే బరువు మారు వస్తువును తూచు కోమటికి కలుగు కష్టమే ఇది. గల్ఫుదేశములకు జనులు వేలకొలదిగా పోయిన నిజామాబాదు జిల్లాలో 'ఇంట నివసించువారు' అను గడి నింపుట ఎంతటి చిక్కో చెప్ప నక్కరలేదు: దుబాయిలో నున్న కొడుకు ఇంటివాడా కాడా? అతడు పంపు సొమ్ముతోనే ఆ యిల్లు కట్టిరి. అతడు మాత్రము మూడేండ్లుగా అందులో పండుకొనలేదు.

ఒక్కనాటి లెక్కకు దొరకని దానిని పట్టుటకు ఊరిలోనే కాపురముండు పద్ధతి మనవారికి క్రొత్త కాదు. 1951-52లో మానవశాస్త్రజ్ఞుడు ఎస్.సి. దూబే ఉస్మానియా విశ్వవిద్యాలయపు వివిధశాఖలవారిని వెంటబెట్టుకొని హైదరాబాదు చెంతనున్న శామీర్‌పేటను పరిశీలించి, 1955లో ఒక గ్రామచరిత్ర వెలువరించెను. 1975 నుండి ఇక్రిశాట్ అను వ్యవసాయపరిశోధనాసంస్థవారు మహబూబునగరు జిల్లా ఔరేపల్లె, దోకూరు మొదలుగా ఆరు గ్రామములలో, ఊరి కొక పరిశోధకుని నివసింపజేసి, ఊరికి నలువది కుటుంబముల చొప్పున ఎన్నుకొని, కొన్ని వారముల కొకసారి వారి రాబడి, ఖర్చు, అప్పు, కూలి అడిగించిరి. మొదటినెలలో దాచిన యప్పును ఆరవనెలలో చెప్పుదురు. ఏడాదికొకసారి వచ్చువానికి ఆ యప్పు ఎన్నటికిని కనబడదు. అయితే నలువది కుటుంబములను ఇంత లోతుగా చూచినవాడు జిల్లా మొత్తమును గూర్చి పలుకుటకు జంకవలెను. లక్ష కుటుంబములను లెక్కించినవాడు ఒక్క యింటిని గూర్చి పలుకుటకు జంకవలెను. జంకనివారి పుస్తకములే మనకు ఎక్కువగా దొరకుచుండుట వేరేమాట.

ఇప్పుడు బోధనులో ప్రశ్న తలక్రిందైనది. 2002లో ఫ్యాక్టరీలో అధికభాగము ప్రైవేటువారి చేతికి పోయెను. 2015 డిసెంబరులో లేఆఫ్ ప్రకటింపగా చిమ్నీ చల్లబడెను. ఆయకట్టులో చెరకుండినచోట్ల వరి వచ్చెను. వచ్చినందువలన ఏమైనదని ఎనుబదియేండ్ల క్రిందట అడుగవలసిన ప్రశ్నను, పోయినందువలన ఏమైనదని నేడు అడుగవలెను. ఇందొక సౌలభ్యము గలదు, సాక్షు లింకను బ్రదికియున్నారు. డిచ్‌పల్లిలో 2006లో వెలసిన తెలంగాణ విశ్వవిద్యాలయపు విద్యార్థి కిది చేతికందు దూరము. అతడు శక్కర్‌నగర్ క్వార్టర్లకు పోయి నిరసనసభలలో మాటలాడువారినే అడిగి తిరిగివచ్చినచో సగముకథయే దొరకును. ఊరు విడిచి హైదరాబాదు వాచ్‌మన్ గదులకు చేరినవారిని, సీజనుకు మాత్రమే బండ్లతో వచ్చి ఏ మస్టరులోను పేరులేకపోయిన కోతకూలీలను, ఫ్యాక్టరీ మూతపడకముందే చెరకు మానిన రైతులను వెదకి పట్టవలెను. రైతు ఏ యేట చెరకు మానెనో, చెరకు తూచినప్పు డిచ్చిన కాటా చీటీలే తేల్చును. అవి చాలయిండ్లలో పాసుపుస్తకము నడుమనో, దేవునిగూటి వెనుకనో మడచియుండును. మొదట వానిని అడిగి చూచి, ఆ తరువాత ప్రశ్నాపత్రము తీయుట మంచిది.