రేడియోలో బాలానందం: న్యాయపతి రాఘవరావు ప్రసార కృషి

ఉపోద్ఘాతం:
పాట, కథ, నాటిక వంటి విడివిడి అంశాలను ఒకే కార్యక్రమంగా కూర్చడం ప్రసార మాధ్యమాలలో ఒక ప్రత్యేక ప్రక్రియ. అమెరికా టెలివిజన్‌లో 1948లో మొదలైన ఎడ్ సల్లివన్ ప్రదర్శన ఇందుకు ప్రసిద్ధ ఉదాహరణ. అంతకుముందే మద్రాసు రేడియో కేంద్రం నుండి తెలుగు బాలల కోసం ఇటువంటి కూర్పును నిర్వహించినవారు న్యాయపతి రాఘవరావు (1905–1984), కామేశ్వరి దంపతులు.

విషయ వివరణ:
శ్రోతలకు వీరు ‘రేడియో అన్నయ్య’, ‘రేడియో అక్కయ్య’. ఈ బంధువాచకాలలోనే వారి నిర్మాణ సూత్రం ఉంది. ఉపాధ్యాయుడు పాఠం చెబుతాడు. అన్నయ్య ఆటలో తానూ చేరతాడు. అందుచేతనే శ్రోతలైన పిల్లలు గాయకులుగా, నటులుగా మైక్రోఫోను ముందుకు రాగలిగారు. ప్రసారమైన మాట గాలిలో కలిసిపోతుంది. దానికి నిలకడ కల్పించినవి 1940లో స్థాపించిన ఆంధ్ర బాలానంద సంఘం, 1945లో ఆరంభించిన ‘బాల’ మాసపత్రిక. బాపు తొలినాళ్ల బొమ్మలు, ముళ్ళపూడి వెంకటరమణ తొలి కథ ‘బాల’లోనే వెలువడ్డాయి. 1956 తరువాత వీరి కృషి హైదరాబాదు కేంద్రంగా సాగింది.

ముగింపు:
బాలసాహిత్య చరిత్ర రచనకు సాధారణంగా అచ్చయిన గ్రంథాలే ఆధారం. ఆ కొలతలో రాఘవరావు కృషిలోని ప్రధానభాగం లెక్కకు రాదు. ప్రసార నిర్మాతను రచయితతో సమానంగా పరిగణించినప్పుడే ఆయన స్థానం స్పష్టమవుతుంది. నాటి బాలకళాకారులు నేడు వయోవృద్ధులు. వారి జ్ఞాపకాలను నమోదు చేయడం పరిశోధకుల తక్షణ కర్తవ్యం.