చక్రపాణి (సినీ నిర్మాత, రచయిత)

చక్రపాణిగా ప్రసిద్ధుడైన ఆలూరి వెంకట సుబ్బారావు (ఆగష్టు 5, 1908 - సెప్టెంబరు 24, 1975) తెలుగు రచయిత, అనువాదకుడు, విజయా ప్రొడక్షన్స్ సంస్థకు బి. నాగిరెడ్డితో పాటు అధిపతి. సినిమాకు పెట్టుబడి పెట్టేవారు ఒకరు, కథ వ్రాసేవారు మరొకరుగా ఉన్న కాలంలో, కథను నిర్ణయించే అధికారం రచయిత చేతిలోనే ఉంటే చిత్రం ఎలా ఉంటుందో చూపినవాడు.

== అనువాదకుడు ==
గుంటూరు జిల్లా తెనాలిలో జన్మించాడు. హిందీ నేర్చుకునే రోజులలో హిందీ పండితుడు వ్రజనందన శర్మ ఆయనకు "చక్రపాణి" అన్న పేరు పెట్టాడు. క్షయవ్యాధి చికిత్సకై మదనపల్లె శానిటోరియంలో ఉన్నపుడు బెంగాలీ నేర్చుకున్నాడు. మంచాన పడిన మనిషికి అది కాలక్షేపమే కావచ్చు గాని, తెలుగు పాఠకులకు మాత్రం శరత్ చంద్ర ఛటర్జీ దొరికాడు. ఆ అనువాదాలలోని తెలుగు ఎంత సహజమంటే, శరత్‌ను తెలుగువాడేనని భ్రమించినవారు ఉండేవారట.

== సినీరంగం ==
ధర్మపత్ని (1941) చిత్రానికి మాటలు వ్రాయడానికి మద్రాసు వచ్చాడు. బి.ఎన్.రెడ్డి తీసిన స్వర్గసీమ (1945)కు కూడా సంభాషణలు వ్రాశాడు. నాగిరెడ్డితో కలిసి నిర్మించిన మొదటి చిత్రం షావుకారు (1950). జానకి పేరు ముందు "షావుకారు" చేరింది ఈ చిత్రంతోనే. మరుసటి సంవత్సరం వచ్చిన పాతాళభైరవి జానపదం. దాని రచన పింగళి నాగేంద్రరావుది. చక్రపాణి సొంత అభిరుచి తెలియాలంటే వరకట్నంపై తీసిన పెళ్ళిచేసి చూడు (1952), ఆపై మిస్సమ్మ (1955) చూడాలి.

మిస్సమ్మకు మూలం "మన్మయీ గర్ల్స్ స్కూల్" అనే బెంగాలీ హాస్యకథ. ఉద్యోగం కోసం భార్యాభర్తలుగా నటించే ఇద్దరు నిరుద్యోగ పట్టభద్రులలో ఒకరు హిందువు, మరొకరు క్రైస్తవురాలు. నిరుద్యోగం, మతం వంటి బరువైన విషయాలున్నా ఉపన్యాసం కనపడదు, చెప్పుకోదగ్గ దుష్టపాత్ర కూడా లేదు. ఇదే చక్రపాణి పద్ధతి. మొదట నాయికగా భానుమతితో కొంత భాగం చిత్రీకరించారు. ఆమెతో భేదాభిప్రాయం రాగా ఆ భాగాన్ని వదలి, ఆ పాత్రను సావిత్రికి ఇచ్చారు. అప్పటికే అయిన ఖర్చును వదులుకోవడం జీతానికి పనిచేసే రచయితకు సాధ్యమయ్యేది కాదు. ఈ కథే తమిళంలో మిస్సియమ్మగా, హిందీలో మిస్ మేరీ (1957)గా వచ్చింది.

గుండమ్మ కథ (1962)ను కన్నడ చిత్రం మనె తుంబిద హెణ్ణు ఆధారంగా మలిచారు. మాటలు డి.వి.నరసరాజువి. ఎన్.టి.రామారావు, అక్కినేని నాగేశ్వరరావు ఇద్దరూ ఉండగా చిత్రానికి సూర్యకాంతం పాత్ర పేరు పెట్టడం నేటికీ సాహసమే!

== చందమామ ==
1947 జూలైలో నాగిరెడ్డి, చక్రపాణి పిల్లల మాసపత్రిక చందమామను తెలుగు, తమిళ భాషలలో ప్రారంభించారు. తరువాత అనేక భారతీయ భాషలలో వెలువడింది. సంపాదకుడిగా చక్రపాణి పేరే ఉన్నా, 1952 నుండి పత్రిక భాషను తీర్చిదిద్దినవాడు కొడవటిగంటి కుటుంబరావు అన్నది మరువరాదు.

చక్రపాణి చివరి చిత్రం శ్రీ రాజేశ్వరీ విలాస్ కాఫీ క్లబ్. ఆయన మరణానంతరం, 1976లో, బాపు దర్శకత్వంలో విడుదలైంది.