వంకర గీత – స్త్రీ అంతరంగ చిత్రణపై ఒక పరిశీలన

మన నవలలలో స్త్రీ అంతరంగము చిరకాలము ఇతరుల నోట వినవచ్చినదే గాని, స్వయముగా పలికినది తక్కువ. మానసిక వైవిధ్యమను నేటి భావనను దృష్టిలో నుంచుకొని ఈ విషయమును విద్యార్థుల ముందుంచదలచినాము.

గుడివాడ చెంత అంగలూరులో 1910లో జన్మించిన త్రిపురనేని గోపీచంద్ 'అసమర్థుని జీవయాత్ర'తో తెలుగు నవలను మనస్సు లోపలికి మళ్ళించినారు. సీతారామారావు ఆలోచనలు ఒకదానినొకటి తరుముకొనుచు అతనిని పతనమునకు చేర్చిన క్రమమును మెట్టు మెట్టుగా చూపినారు. కాని అతని భార్య మనకు ఎక్కువగా అతని చూపులోనుండియే కానవచ్చును. ఆమె ఏమి భరించినదో ఊహించుకొనుట పాఠకుని వంతు.

ఆ తలుపును లోపలినుండి తెరచినవారిలో డాక్టర్ పి. శ్రీదేవి (1929–1961) ముఖ్యులు. 'తెలుగు స్వతంత్ర'లో 1957–58లో వెలువడిన 'కాలాతీత వ్యక్తులు'లో ఇందిర ఉద్యోగము చేసి తండ్రిని పోషించును. తన కోరికను తానే తూచుకొనును. రచయిత్రి ఆమెను దేవతను చేయలేదు, దుష్టురాలిని చేయలేదు. వైద్యురాలు రోగిని నిందింపక కారణమును వెదకునట్లు, ఆమె స్వభావమునకు మూలమును వెదకినారు.

ఉర్దూలో ఇస్మత్ చుగ్తాయ్ 1940ల దశకములో 'టేఢీ లకీర్' రచించినారు. 'వంకర గీత' అని దాని అర్థము. పెద్ద కుటుంబములో ఆదరణకు నోచుకోని షమ్మన్ మొండితనము, కోపము, ఒంటరితనము బాల్యమునుండి ఎట్లు రూపుదిద్దుకొన్నవో అందు చూడగలము.

ఈ పాత్రలకు మనము వ్యాధి పేర్లు తగిలింపనక్కరలేదు. వ్యాధి వేరు, దుఃఖము వేరు, వైవిధ్యము వేరు. 1977 నవంబరు 19 నాటి ఉప్పెనలో బిడ్డలను పోగొట్టుకొన్న దివిసీమ తల్లి మౌనము దుఃఖము. పుట్టుకతోనే మెదడు లోకమును వేరొక రీతిని గ్రహించుట వైవిధ్యము. ఆటిజం, డిస్లెక్సియా వంటివి ఈ కోవలోనివి. 1990ల చివర ఈ భావనకు 'న్యూరోడైవర్సిటీ' అను పేరు వచ్చినది. మన దేశములో 2016 నాటి దివ్యాంగుల హక్కుల చట్టము ఆటిజమును, అభ్యసన వైకల్యములను గుర్తించినది.

బాలికల విషయములో ఒక చిక్కు కలదు. తరగతిలో అల్లరి చేయు బాలుని వెంటనే గమనింతుము. ఎవరితోను కలియక, శబ్దమునకు బెదరి, తల వంచుకొని కూర్చుండు బాలికను 'అణకువ గలది' అని, మన ఇండ్లలో 'హయా గలది' అని మెచ్చుకొందుము. అక్షరములు తారుమారు చేసినచో 'మొద్దు' అందుము. ఆ మెప్పు, ఈ నింద రెండును ఆమె అసలు అవసరమును మరుగుపరచును. అందువలననే అనేకమంది స్త్రీలు తమ స్వభావమునకు కారణమును పెద్దవారైన పిదప గాని తెలిసికొనజాలకున్నారు.

మచిలీపట్నము పరిసరములనుండి చదువుకొన వచ్చు విద్యార్థినులు పై నవలలను చదివి, తోటివారి మౌనమును అర్థము చేసికొన యత్నింతురు గాక. వ్రాయుటలో వెనుకబడు విద్యార్థులకు పరీక్షలలో అదనపు సమయము, మనస్సు విప్పి మాట్లాడుటకు ఒక అధ్యాపకురాలిని ఏర్పాటు చేయవలసినదిగా కళాశాల కమిటీవారికి మా మనవి. గీత వంకరగా నున్నంత మాత్రమున తప్పు గీత కాదని గ్రహించుటయే ఈ నవలలు మనకు చేయు ఉపకారము.