బిరుదు పోయెను, పతకము నిలిచెను

1971 డిసెంబరు మాసమున ఒకే వ్యక్తి విషయమున రెండు సంగతులు జరిగినవి. మొదటి పక్షములో, జైపూరు రాజవంశమునకు చెందిన లెఫ్టినెంట్ కర్నల్ సవాయి భవానీ సింగ్ థార్ ఎడారిలో శత్రు స్థావరములపై దాడి నడిపి మహావీర చక్రమునకు అర్హులైరి. యుద్ధకాల శౌర్యమునకు ఇచ్చు పతకములలో పరమవీర చక్రము తరువాతిది ఇదియే. అదే మాసము 28వ తేదీన రాజ్యాంగ 26వ సవరణవలన మాజీ సంస్థానాధీశుల బిరుదులకును, రాజభరణములకును గుర్తింపు రద్దయినది. హైదరాబాదు నిజాము వంశమునకును ఈ సవరణయే వర్తించినది. పుట్టుకవలన వచ్చినది పోయినది. పనివలన వచ్చినది నిలిచినది. పదవిలోనున్న ప్రతివారును ఆలోచింపదగిన ఈ చరిత్రను పంచాయతీ సభ్యులకు తెలియజేయ దలచితిమి.

భవానీ సింగ్ 1931 అక్టోబరు 22న జైపూరు మహారాజు రెండవ సవాయి మాన్ సింగ్ పెద్ద కుమారులుగా జన్మించిరి. 1949లో ఆ సంస్థానము రాజస్థానములో విలీనమైనది. రెండేండ్ల తరువాత, 1951లో, ఆయన 3వ కావల్రీ పటాలమున సెకండ్ లెఫ్టినెంటుగా చేరిరి. ఆ కాలమున సైన్యాధికారుల నిచ్చెనలో అది మొట్టమొదటి మెట్టుగా ఉండెను. 1954లో రాష్ట్రపతి అంగరక్షక దళమునకు ఎంపికైరి. 1963లో 50వ పారాచూట్ బ్రిగేడునకు మారి, పిదప డెహ్రాడూన్‌లోని సైనిక విద్యాలయమున అడ్జుటెంటుగా పనిచేసిరి. 1967లో, తామే కోరుకొని, కమాండో పటాలమున రెండవ అధికారిగా చేరిరి. మరుసటి సంవత్సరమే ఆ పటాలమునకు అధిపతులైరి.

కమాండో పటాలమనగా ఏమి? సాధారణ పదాతి పటాలము భూమిని పట్టి నిలుపుకొనును. కమాండోలు కొద్దిమందిగా బయలుదేరి, శత్రువు వెనుకకు చేరి, అతని ఠాణాలను, వార్తా సాధనములను, సామగ్రి వచ్చు దారులను దెబ్బతీయుదురు. 1965 యుద్ధమున మేజర్ మేఘ్ సింగ్ అను అధికారి స్వచ్ఛందముగా ముందుకు వచ్చిన జవానులతో ఇట్టి దళమొకటి కూర్చి ఫలితము సాధించిరి. దానికి మేఘదూత దళమని పేరు. ఆ అనుభవముతో 1966లో 9వ పారాచూట్ కమాండో పటాలము ఏర్పడినది. 1967లో దానినుండి ఎడారి యుద్ధము కొరకు 10వ పటాలము వేరుచేయబడినది. భవానీ సింగ్ చేరినది ఈ పటాలముననే.

ఎడారిలో దాడి చేయుట తలచినంత సులువు కాదు. త్రాగు నీరంతయు వెంట మోసికొని పోవలెను. ఇసుకలో చక్రములు దిగబడును. పగటివేళ వాహనముల ధూళి దూరమునుండియే కనబడును; రాత్రివేళ ఇంజను చప్పుడు చాల దూరము వినబడును. చెట్టు, గుట్ట వంటి గుర్తులు లేనిచోట దిక్సూచిని, నక్షత్రములను నమ్మి నడువవలెను. ఇది ఒక దినమున వచ్చు విద్య కాదు. యుద్ధమునకు ముందే ఆ పటాలము ఎడారిలో జీపులపై తిరుగుటకు, రాత్రివేళ దారి తప్పక నడుచుటకు అలవాటు పడినది. ఇసుక తీరు ఎరిగిన సరిహద్దు గ్రామస్థుల సహాయమును కూడ తీసికొన్నది. బాఖాసర్‌కు చెందిన బల్వంత్ సింగ్, ఒకప్పుడు బందిపోటుగా పేరుపడినవాడు, ఆ సమయమున సైన్యమునకు దారి చూపెనని రాజస్థానములో నేటికిని చెప్పుకొందురు.

1970 జూన్ మాసమున తండ్రి మరణించగా, భవానీ సింగ్ రాజవంశమునకు పెద్ద యైరి. అయినను కొలువు మానలేదు. 1971 డిసెంబరు 3న పాకిస్తానుతో యుద్ధము ఆరంభమైనది. ఆయన దళములు జీపులపై సరిహద్దు దాటి సింధు ప్రాంతములోనికి ప్రవేశించినవి. డిసెంబరు 7న ఛాఛ్రో పట్టణముపై దాడి జరిగినది. తరువాత వీరావా స్థావరము వశమైనది. నాలుగు పగళ్లు, నాలుగు రాత్రులు ఆయన స్వయముగా ముందు నడిచిరి. ఎందరో బందీలుగా చిక్కిరి. ఆయుధ సామగ్రి లభించినది. వెనుకనుండి దెబ్బ తగులుటచే శత్రువు కలవరపడెను. ఆ ప్రాంతమున మన ప్రధాన సేనల పురోగమనము సులువైనది. ‘ఛాఛ్రో 1971’ అను యుద్ధ గౌరవము నేటికిని ఆ పటాలమునకు కలదు.

అయితే ఛాఛ్రో మన దేశమున నిలువలేదు. 1972 జూలై 2న కుదిరిన సిమ్లా ఒప్పందము ననుసరించి ఆ భూభాగము తిరిగి పాకిస్తానునకు అప్పగింపబడినది. అంత శ్రమపడి గెలిచినది తిరిగి ఇచ్చుట సైనికునకు కష్టముగానే తోచవచ్చును. కాని యుద్ధము చేయుట సైన్యము పని. సంధి చేయుట ప్రజలెన్నుకొన్న ప్రభుత్వము పని. ఈ హద్దును సైన్యము పాటించుటయే ప్రజాస్వామ్యమునకు బలము.

భవానీ సింగ్ స్వచ్ఛందముగా ఉద్యోగ విరమణ చేసిరి. తరువాత వారికి గౌరవ బ్రిగేడియరు హోదా లభించినది. శ్రీలంకలో మన శాంతి దళము పనిచేయుచున్న కాలమున, అచ్చటనున్న తమ పాత పటాలమును చూచి ధైర్యము చెప్పి వచ్చిరి. 1989లో జైపూరు లోక్‌సభ స్థానమునకు పోటీచేసి ఓడిపోయిరి. పూర్వులు ఏలిన నగరముననే, అందరు అభ్యర్థులవలె ఓట్లడుగవలసి వచ్చినది. ఓటరు తన ఇష్టము వచ్చినట్లు తీర్పు చెప్పెను. 1994 నుండి 1997 వరకు బ్రూనై దేశమున భారత హైకమిషనరుగా పనిచేసిరి. 2011 ఏప్రిల్ 17న కాలధర్మము చెందిరి.

పంచాయతీరాజ్య వ్యవస్థ 1959 అక్టోబరు 2న ఆ రాజస్థానములోనే, నాగౌర్‌లో ఆరంభమైనది. అదే సంవత్సరము ఆంధ్రప్రదేశ్ కూడ ఆ బాట పట్టినది. వంశముచే వచ్చు పెత్తనమునకు బదులు, ప్రజలిచ్చి ప్రజలే తీసికొను పదవి గ్రామమునకు వచ్చినది. ఈ పదవి అయిదేండ్లది. గడువు తీరిన పిదప సభ్యుని పేరుముందు బిరుదేదియు మిగులదు. త్రవ్వించిన బావి, వేయించిన బాట, సకాలమున చూపిన లెక్క మాత్రమే మిగులును.

మరియొక మాట. మన గ్రామములనుండియు అనేకులు సైన్యమున పనిచేసి వచ్చియున్నారు. వారందరికిని పతకములు ఉండవు. కొందరి ఇండ్లలో పింఛను కాగితము ఎచ్చట ఇయ్యవలెనో తెలియని వృద్ధురాండ్రు ఉందురు. జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయములు ఉన్నది ఇట్టివారి కొరకే. పంచాయతీ సభ్యులు తమ గ్రామములోని మాజీ సైనికుల, సైనిక వితంతువుల పేర్లు వ్రాసికొని, అవసరమైనవారిని ఆ కార్యాలయమునకు వెంటబెట్టుకొని పోయిన యెడల, అది గ్రామము చెల్లింపవలసిన బాకీలో కొంత తీర్చినట్లగును.