బీఎంసీ బి-సిరీస్ ఇంజన్

బీఎంసీ బి-సిరీస్ ఇంజన్ అనునది ఇంగ్లండుకు చెందిన బ్రిటిష్ మోటార్ కార్పొరేషన్ సంస్థ తయారుచేసిన నాలుగు సిలిండర్ల పెట్రోలు ఇంజన్ల కుటుంబం. దీని మూలరూపం 1947లో ఆస్టిన్ ఏ40 కారుతో వెలుగులోకి వచ్చింది. ఇంగ్లండులో ఈ ఇంజన్ వాడిన ప్రసిద్ధ స్పోర్ట్స్ కారు ఎంజీబీ 1980 వరకు తయారైంది. భారతదేశంలో దశాబ్దాల పాటు ప్రభుత్వ కార్యాలయాల ముందు, టాక్సీ స్టాండులలో కనబడిన అంబాసిడర్ కారులో ఉన్నది కూడా ఈ కుటుంబానికి చెందిన 1489 సీసీ ఇంజనే. ఒక దేశపు పన్ను చట్టం నాటి ఆకృతి గల ఈ ఇంజన్, ఆ చట్టం రద్దయిన తరువాత కూడా ఎన్నో దేశాలలో కొనసాగడం మోటారు వాహనాల చరిత్రలో గమనించదగిన విషయం.

ఆవిర్భావం

ఆస్టిన్, మోరిస్ కంపెనీలు 1952లో విలీనమై బ్రిటిష్ మోటార్ కార్పొరేషన్‌గా ఏర్పడినవి. విలీనానంతరం సంస్థ తన ఇంజన్లను మూడు తరగతులుగా విభజించుకొన్నది. చిన్న కార్లకు ఏ-సిరీస్, మధ్యతరగతి కార్లకు బి-సిరీస్, పెద్ద కార్లకు ఆరు సిలిండర్ల సి-సిరీస్ నిర్ణయమైనవి. బి-సిరీస్‌కు ఆధారం ఆస్టిన్ ఏ40లోని 1200 సీసీ ఇంజన్.

ఆ ఇంజన్‌లో సిలిండరు వ్యాసం సుమారు 65.5 మిల్లీమీటర్లు కాగా, పిస్టన్ పైకీ క్రిందికీ కదిలే దూరం, అనగా స్ట్రోక్, సుమారు 89 మిల్లీమీటర్లు. సిలిండరు ఇంత సన్నగా, స్ట్రోక్ ఇంత పొడవుగా ఉండటానికి నాటి బ్రిటిష్ పన్ను విధానాన్ని తెలుసుకొనడం అవసరం. అక్కడ కారుపై వార్షిక పన్నును చాలాకాలం ఒక సూత్రం ప్రకారం లెక్కించెడివారు. సిలిండరు వ్యాసాన్ని అంగుళాలలో తీసుకొని వర్గం చేసి, సిలిండర్ల సంఖ్యతో గుణించి, 2.5తో భాగించగా వచ్చినదే పన్ను నిమిత్తం లెక్కించే అశ్వశక్తి. ఇందులో స్ట్రోక్ ప్రసక్తి లేదు. కాబట్టి సిలిండరును సన్నగా ఉంచి స్ట్రోక్‌ను పెంచితే, పన్ను పెరగకుండానే ఇంజన్ పరిమాణం పెరుగుతుంది. ఏ40 ఇంజన్ వ్యాసం దాదాపు 2.58 అంగుళాలు, సూత్రంలో వేస్తే 10.6 వస్తుంది. ఆ ఇంజన్ వాస్తవంగా ఇచ్చిన శక్తి సుమారు 40 అశ్వశక్తి. రెంటికీ గల తేడాను విద్యార్థులు గమనించగలరు.

ఈ పన్ను విధానం 1948 నాటికి తొలగిపోయింది. కాని బి-సిరీస్ స్ట్రోక్ మాత్రం మారలేదు. 1489 సీసీ నుండి 1798 సీసీ వరకు అన్ని పెట్రోలు రకాలకూ స్ట్రోక్ 88.9 మిల్లీమీటర్లే, అనగా మూడున్నర అంగుళాలు. పరిమాణం పెంచవలసి వచ్చినప్పుడల్లా సిలిండరు వ్యాసాన్నే పెంచుతూ వచ్చారు.

నిర్మాణం

ఇంజన్ దిమ్మె, దానిపై అమర్చే హెడ్ రెండూ పోత ఇనుముతో చేసినవి. క్యామ్ షాఫ్టు దిమ్మెలో ఒక ప్రక్కన ఉంటుంది. అక్కడి నుండి పొడవైన కడ్డీలు, రాకర్ల ద్వారా హెడ్‌లోని వాల్వులు తెరుచుకుంటాయి. పాఠ్యపుస్తకాలలో వీటినే కవాటాలు అంటారు. హెడ్ రూపకల్పనలో హ్యారీ వెస్లేక్ అనే ఇంజనీరు చేయి ఉన్నది. దహనగది హృదయాకారంలో ఉండటం ఆయన పద్ధతికి గుర్తు.

పెట్రోలు మిశ్రమం లోనికి వచ్చే మార్గాలు, పొగ వెలుపలికి పోయే మార్గాలు హెడ్‌కు ఒకే ప్రక్కన ఉంటాయి. నాలుగు సిలిండర్లకు ఎనిమిది మార్గాలు ఉండవలసి ఉండగా, ఇందులో ఉన్నవి ఐదే. 1, 2 సిలిండర్లకు ఒక ప్రవేశమార్గం, 3, 4 సిలిండర్లకు మరొకటి. పొగ మార్గాలలో 1వ సిలిండరుకు, 4వ సిలిండరుకు విడివిడిగా ఉండగా, మధ్యనున్న 2, 3 సిలిండర్లకు కలిపి ఒకటే ఉంటుంది. పోతపోయడం తేలిక, ఖర్చు తక్కువ.

దీని మంచిచెడ్డలు జ్వలన క్రమం చూస్తే తెలుస్తాయి. సిలిండర్లు 1-3-4-2 వరుసలో మండుతాయి. క్రాంకు షాఫ్టు రెండు చుట్లు, అనగా 720 డిగ్రీలు, తిరిగేసరికి నాలుగు సిలిండర్లూ 180 డిగ్రీలకు ఒకటి చొప్పున తమ పని ముగిస్తాయి. ఈ వరుసలో 2 తరువాత వెంటనే 1 వస్తుంది. 3 తరువాత వెంటనే 4 వస్తుంది. ప్రవేశమార్గాన్ని పంచుకొంటున్నవి సరిగా ఈ జంటలే. ప్రవేశ వాల్వు 180 డిగ్రీల కంటె ఎక్కువసేపు తెరచి ఉంటుంది కనుక, ఒక సిలిండరు పీల్చుకోవడం పూర్తికాక ముందే ప్రక్క సిలిండరు అదే మార్గం నుండి పీల్చడం మొదలుపెడుతుంది. ఆ తరువాత కొంతసేపు ఆ మార్గానికి పని లేదు. అందుచేత మిశ్రమం నాలుగు సిలిండర్లకు సమానంగా అందడం కష్టం. పొగ విషయంలో అలా కాదు. మధ్యమార్గాన్ని పంచుకొంటున్న 2, 3 సిలిండర్ల మధ్య 360 డిగ్రీల ఎడం ఉన్నది కాబట్టి ఒకదాని పొగ మరొకదానికి అడ్డు రాదు. నిదానంగా నడిచే కుటుంబపు కారులో ఈ లోపం అంతగా తెలియదు. పందెపు కార్లకు ఈ ఇంజన్‌ను సవరించినవారికి మాత్రం ఇది చికాకు కలిగించింది.

రకాలు

1489 సీసీ రకం (వ్యాసం 73.025 మి.మీ.) 1953లో ఎంజీ మాగ్నెట్ కారుతో వచ్చి, మోరిస్ ఆక్స్‌ఫర్డ్, ఆస్టిన్ కేంబ్రిడ్జి, ఎంజీఏ మొదలగు కార్లలో వాడబడింది. ఎంజీఏలో రెండు కార్బ్యురేటర్లతో 70 అశ్వశక్తికి అటూఇటుగా ఇచ్చిన ఈ ఇంజన్, ఇంటి కార్లలో ఒకే కార్బ్యురేటరుతో అంతకంటె తక్కువ ఇచ్చేది. 1959లో ఎంజీఏ కోసం 1588 సీసీ (75.4 మి.మీ.), 1961లో 1622 సీసీ (76.2 మి.మీ.) రకాలు వెలువడినవి.

1588 సీసీ పరిమాణాన్ని ఒక సంవత్సరం ముందే వేరొక రూపంలో వాడారు. 1958 నాటి ఎంజీఏ ట్విన్ క్యామ్ కారులో బి-సిరీస్ దిమ్మెపై అల్యూమినియం హెడ్, దానిలో రెండు క్యామ్ షాఫ్టులు అమర్చారు. పీడన నిష్పత్తి 9.9:1, శక్తి 108 అశ్వశక్తి. కాగితంపై గొప్పగా కనబడిన ఈ ఇంజన్ వాడకంలో చిక్కులు తెచ్చింది. మంచి రకం పెట్రోలు పోయకపోయినా, జ్వలన సమయం కొద్దిగా తప్పినా పిస్టన్లు కాలిపోయేవి. ఒక వేగం వద్ద కార్బ్యురేటర్లు కంపించి మిశ్రమం పలుచబడటమే దీనికి కారణమని తరువాత అభిప్రాయం వెలువడింది. పీడన నిష్పత్తిని 8.3కు తగ్గించినా అప్పటికే పేరు చెడింది. 1960లో ఉత్పత్తి ఆపివేసేనాటికి తయారైన కార్లు 2,111 మాత్రమే.

1798 సీసీ రకం 1962లో ఎంజీబీతో వచ్చింది. దీని శక్తి 95 అశ్వశక్తి. మొదట క్రాంకు షాఫ్టుకు పూర్వపు ఇంజన్లవలెనే మూడు ప్రధాన బేరింగులు ఉండేవి. రెండేసి సిలిండర్లకు నడుమ ఆధారం లేకపోతే అధిక వేగంలో క్రాంకు కొద్దిగా వంగుతుంది. 1964లో వీటిని ఐదుకు పెంచారు. అదే సంవత్సరం ఈ ఇంజన్‌ను అడ్డంగా అమర్చి, గేర్లపెట్టెను దాని అడుగున ఉంచి, ముందు చక్రాలను నడిపే ఆస్టిన్ 1800 కారును విడుదల చేశారు. ఎంజీబీ, దాని జీటీ రూపం కలిసి ఐదు లక్షలకు పైగా తయారైనవి. అమెరికా పొగ నియంత్రణ నియమాలకు లోబడి 1975 నుండి అక్కడికి పంపిన కార్లలో ఒకే కార్బ్యురేటరు ఉంచడంతో శక్తి 62.5కు పడిపోయింది. 1978లో వచ్చిన ఓ-సిరీస్ ఇంజన్ ఇంగ్లండులో దీని స్థానాన్ని ఆక్రమించింది.

వీటితో పాటు 1.5, 1.8 లీటర్ల డీజిల్ రూపాలు కూడా కలవు. ఇంగ్లండు కాలువలలో తిరిగే సన్నని పడవలలో ఇవి విరివిగా వాడబడినవి.

ఇతర దేశాలలో

జపాన్‌లో నిస్సాన్ సంస్థ ఆస్టిన్ కార్లను లైసెన్సుపై తయారుచేస్తూ 1489 సీసీ ఇంజన్‌ను కూడా అక్కడే చేయడం నేర్చుకొన్నది. ఒక లీటరు ఇంజన్ కావలసి వచ్చినప్పుడు డొనాల్డ్ స్టోన్ అనే అమెరికన్ ఇంజనీరు, క్రొత్తది రూపొందించనక్కరలేదు, ఉన్నదాని స్ట్రోక్‌ను తగ్గించండి అని సలహా ఇచ్చాడు. వ్యాసం 73 మి.మీ. అలాగే ఉంచి స్ట్రోక్‌ను 59 మి.మీ. చేయగా 988 సీసీ వచ్చింది. ఈ ఇంజన్ గల డాట్సన్ 210 కారు 1958లో ఆస్ట్రేలియా చుట్టి వచ్చే మోబిల్‌గ్యాస్ ర్యాలీలో తన తరగతిలో ప్రథమంగా నిలిచింది. పుట్టినింటివారు ముప్పై ఏళ్ళు ముట్టని స్ట్రోక్‌ను జపాన్‌లో ఒక్కసారిగా మార్చివేశారన్నమాట.

అర్జెంటీనాలో సియామ్ డి తెల్లా 1500 కారుకు కూడా 1489 సీసీ ఇంజనే వాడారు.

భారతదేశంలో

పశ్చిమ బెంగాల్‌లోని ఉత్తర్‌పారాలో కర్మాగారం గల హిందుస్తాన్ మోటార్స్ సంస్థ, మోరిస్ ఆక్స్‌ఫర్డ్ మూడవ శ్రేణి ఆధారంగా 1957లో అంబాసిడర్‌ను ప్రారంభించింది. తొలి కార్లలో 1476 సీసీ సైడ్ వాల్వు ఇంజన్ ఉండేది. 1959 ప్రాంతంలో దాని బదులు 1489 సీసీ బి-సిరీస్ వచ్చింది. శక్తి సుమారు 55 అశ్వశక్తి. 1979 నుండి వచ్చిన నాలుగవ మార్కులో ఈ ఇంజన్ డీజిల్ రూపం కూడా లభించింది. దేశంలో డీజిల్‌తో నడిచిన మొదటి కారుగా దీనిని పేర్కొంటారు. 1984లో అదే సంస్థ విడుదల చేసిన కాంటెస్సాలో కూడా మొదట ఇదే పెట్రోలు ఇంజన్ ఉంచారు. అంత బరువైన కారుకు అది చాలలేదు.

ఇంగ్లండులో మరుగున పడిన ఇంజన్ ఇక్కడ నిలవడానికి దిగుమతులపై ఆంక్షలు, పోటీ లేకపోవడం ముఖ్య కారణాలు. అయితే అంతమాత్రమే అనడం సరికాదు. తెలుగునాట చిన్న పట్టణాలలో సైతం హెడ్ దించి వాల్వులు గ్రైండ్ చేయడం, టాపెట్లు సరిచేయడం, సిలిండర్లు అరిగితే బోరు చేయించి పెద్ద సైజు పిస్టన్లు వేయించడం తెలిసిన మెకానిక్కులు ఉండేవారు. దళసరి పోత ఇనుప దిమ్మె పలుమార్లు బోరు చేయడాన్ని తట్టుకొనేది. స్ట్రోక్ పొడవు వలన తక్కువ వేగంలోనే బలంగా లాగే గుణం, నిండుగా జనం ఎక్కిన టాక్సీకి అనుకూలించింది.

1990ల తొలి సంవత్సరాలలో 1817 సీసీ ఇసుజు ఇంజన్ అంబాసిడర్‌లో ప్రవేశించింది. కారు ఉత్పత్తి 2014 మే నెలలో నిలిచిపోయింది. పాత అంబాసిడర్ బానెట్ ఎత్తినవారు రెండు పెట్రోలు ఇంజన్ల తేడాను పోల్చుకొనవచ్చు. రాకర్ మూత తీసినప్పుడు హెడ్‌పైనే క్యామ్ షాఫ్టు కనబడితే అది ఇసుజు. క్రింది నుండి ఎనిమిది కడ్డీలు వచ్చి రాకర్లను నెడుతుంటే అది బి-సిరీస్.